మాణిక్యం మామ్మ గొంతు

గవర్రాజు మండువాలో నిలబడి ఉన్నాడు, అయితే అది మండువాలా లేదు, గోడలుండాల్సిన చోట టీవీ స్టూడియో తెరలు వేలాడుతున్నాయి, నెత్తిన ఆకాశం కనపడాల్సిన చోట లైట్లు మండుతున్నాయి, నడిచే కొద్దీ పడమటి గది వెనక్కి వెనక్కి జరిగిపోతోంది. ఆ గది గుమ్మంలో మాణిక్యం మామ్మ కూర్చుని ఉంది. ఆవిడ పోయి మూడేళ్లయింది. ఆ సంగతి వాడికి తెలుసు, తెలిసే భయంతో చచ్చిపోతున్నాడు.

భయపడడా మరి! పన్నెండేళ్లు వీడికి కూడు పెట్టింది ఆవిడ గొంతే. కీచుమనే ఆ గొంతుని, మాటకోసారి అడ్డొచ్చే ఆ దగ్గుని అనుకరించి టీవీలో కామెడీ చేసి పేరు తెచ్చుకున్నాడు. ఊళ్లో జనం ఆవిడ ఎదురుపడితే చాలు, ఆ దగ్గే దగ్గి నవ్వేవారు. పాపం, ఆవిడ నలుగురిలో నోరు విప్పడమే మానేసి, అలాగే పోయింది. ఆ సిగ్గుతోనే వీడు టీవీ మానేసి, ఇక ఆ గొంతు ఎత్తనని ఒట్టేసుకుని, కూలబోతున్న ఆవిడ ఇంటిని నిలబెడదామని కోనసీమ వచ్చాడు.

"మామ్మా" అని పిలుస్తాడు. పిలుపు వాడి నోట్లోంచే వస్తుంది గానీ గొంతు ఆవిడది. మామ్మ పెదాలు ఆడిస్తుంది, చప్పుడు రాదు, ఆవిడ అనబోయిన మాటలన్నీ వీడి నోట్లోంచే ఊడిపడతాయి.

"నా గొంతు నీ దగ్గరే ఉండిపోయిందిరా."

"తప్పయిపోయింది మామ్మా, తీసేసుకో" అని వాడు ఏడుస్తాడు, ఆ ఏడుపూ ఆవిడదే.

"ఇప్పుడు తీసుకుని ఏం చేసుకోనురా! ముందిలా రా." మామ్మ వాడి అరచేతిని పట్టుకుని గోడకి ఆనిస్తుంది, ఆవిడ చెయ్యి మంచుగడ్డలా ఉంది. ఇంకా పూయని సిమెంటు అప్పుడే గోడంతా పరుచుకుని ఉంది, దాని వెనక గోడ ఊపిరాడక ఉబ్బుతోంది. "మట్టిగోడరా ఇది. మీ తాత బెల్లంనీళ్లూ కరక్కాయా పోసి సున్నం నూరించి పూయించాడు. సిమెంటు పూస్తే చెమ్మ లోపలే ఉండిపోయి, కుళ్లి కూలిపోద్ది. మేస్త్రి వద్దన్నా వినకుండా, తొందరగా తెమిలిపోద్దని తెప్పించావు కదూ? ఆపమని చెప్పు."

"నువ్వే చెప్పు మామ్మా!"

"దేంతో చెప్పనురా?"

గోడ వాళ్ల మీదికి ఒరుగుతోంది, తెరల వెనక ఎవరెవరో విరగబడి నవ్వుతున్నారు, మామ్మ మట్టిలో నడుం దాకా కూరుకుపోతూ వాడి మొహంలోకే చూస్తోంది, ఒట్టూ లేదు గిట్టూ లేదు, వాడు ఉన్న ఊపిరంతా కూడగట్టి ఆ గొంతుతోనే అరుస్తాడు.

"ఆపండ్రా!"

మెలకువ వచ్చేసరికి మిట్టమధ్యాహ్నం. మడతమంచం మీద ముచ్చెమటలతో లేచి కూర్చున్నాడు. గుమ్మంలో తాపీమేస్త్రి అప్పలస్వామి చేతులు కట్టుకుని నిలబడి ఉన్నాడు. మామ్మ ఉన్నన్నాళ్లూ ఆ ఇంటి మరమ్మతులన్నీ ఆయనవే. బెదురు చూపులు పడమటి గది వైపే ఉన్నాయి.

"కలిపిన సిమెంటు పారబోసేశానండి బాబూ" అన్నాడు. "అమ్మగారే వద్దని కేకేశాక ఇంకెలా పూస్తామండీ?"

అరిచింది నేనేనని చెబుదామని గవర్రాజు నోరు తెరిచాడు. ఏ గొంతు వస్తుందోనని హడలిపోయి, మళ్లీ మూసేసుకుని, ఊరికే తలూపాడు.