కావాలని ఓడిపోయాడట

మా పేటలో ఆడపిల్ల మగపిల్లాణ్ణి కొట్టిందంటే తగువు పెడతారు. మగపిల్లాడు ఆడపిల్లని కొడితే తగువు ఉండదు, "పోనీ ఊరుకోవే" ఉంటుంది. అందుకే నేను బాబీని ఎండుచేపతో కొట్టిన సాయంత్రమే పెద్దలందరూ వలల పాకలో చేరి నన్ను పిలిపించారు.

నా పేరు దేవి. ఇది రెండువేల పదిహేడు నాటి సంగతి. అప్పుడు నేను ఇంటర్ రెండో ఏడు, రోజూ బస్సెక్కి విజయనగరం వెళ్ళి చదువుకునేదాన్ని. అమ్మ నా చిన్నప్పుడే పోయింది. నాన్న పేటలో చాలామంది మగాళ్ళలాగే చేపల వేటకి గుజరాత్ వెళ్ళి, వెరావల్లో బోటు మీద ఉన్నాడు. ఇంట్లో నేనూ, చేపలమ్మే మా అమ్మమ్మ బుల్లమ్మా. బాబీ, పేటలో మోటారు బోటున్న నరసింగరావు మావ కొడుకు. వరసకి నాకు బావ. ఈ వరసే నా ప్రాణం మీదికి వచ్చింది.

ఆ రోజుల్లో పేటలో కుర్రకారంతా ఫోన్లలో 'వైల్డ్ లాకెట్' ఆడేవాళ్ళం. అడవుల్లో, సముద్రాల్లో తిరిగి వింత జంతువుల్ని పట్టుకుని, వాటిని లాకెట్లలో పెట్టి మెడలో వేసుకోవడం, ఎదురుపడిన వాళ్ళ జంతువులతో పోటీకి దింపడం, అదీ ఆట. అలా జంతువుల్ని పెంచి పోటీకి దించేవాణ్ణి ట్రైనర్ అంటారు. అయిదు భాగాలొచ్చాయి. అయిదింట్లోనూ కలిపి అందరికన్నా బలమైన ట్రైనర్ ఎవరన్నది మాకు ఎప్పటికీ తెగని వాదన. బాబీది అయిదో భాగంలో వచ్చే వాల్గర్ పక్షం. వాల్గర్‌కి ఆరు లాకెట్లు, ఆరూ వాల్గర్ నాన్న ఇచ్చినవి, అందులో ఒకటి పిడుగులు కురిపించే గద్ద. నాది రెండో భాగంలో లైట్‌హౌస్ కాసుకునే మారెన్ పక్షం. ఆవిడకి మూడే జంతువులు. మూడూ తనే పట్టుకుంది. ఒకటి పడిపోతే మిగిలినవాటి బలం పెరుగుతుంది. చివరికి పీత ఒక్కటే మిగిలితే దాన్ని పడగొట్టేసరికి తల ప్రాణం తోకకొస్తుంది.

మనకి నచ్చిన ట్రైనర్ జంతువుల్ని తీసుకుని, రెండు ఫోన్లు కలిపి ఎదురెదురుగా ఆడుకోవచ్చు. ఆ వారంలో మూడుసార్లు నేను మారెన్, బాబీ వాల్గర్. మూడుసార్లూ నేనే గెలిచాను. మూడోసారి అమ్మమ్మ చేపలు ఎండబెట్టిన చోట, స్నేహితులంతా చూస్తుండగా బాబీ ఫోను జేబులో పెట్టుకుని నవ్వాడు.

"మరదలు కదేటి, ఏడుస్తాదని ఒదిలేసినాను. ఈ మూడుసార్లూ అంతే."

అందరూ గొల్లుమన్నారు. నా ఒళ్ళు మండిపోయింది. ఓడిపోయానని చెప్పుకోవడానికి నోరు రాక, నా గెలుపుని తన దానం చేసేశాడు. అప్పుడు నా చేతిలో ఉన్నది ఎండుచేప. చెంప మీద ఒక్కటిచ్చాను.

పాకలో మా పేట పెద్ద నూకయ్య తాత నడిమధ్య కూర్చున్నాడు. పక్కన నరసింగరావు మావ, కొండబాబు, ఇంకా కొందరు. ఆడవాళ్ళు బయట నిలబడ్డారు. మొదటి అరగంటా ఎండుచేపతో కొట్టడం చెప్పుతో కొట్టినట్టా, చేత్తో కొట్టినట్టా అని తర్జనభర్జన పడ్డారు. తినే వస్తువు కాబట్టి చెప్పు కింద రాదని తేల్చారు. అది తేల్చేసరికే అలిసిపోయి టీ తెప్పించుకున్నారు.

"మరి తగువు దేనికొచ్చినాదిరా?" అన్నాడు నూకయ్య తాత.

"వాల్గర్ బలమైనోడా, మారెన్ బలమైందా అని మాటొచ్చినాది తాతా. నాను వాల్గరన్నాను. ఇది కొట్టేసినాది," అన్నాడు బాబీ. మరదలన్న మాట, ఒదిలేసినానన్న మాట, రెండూ మింగేశాడు.

"వాల్గరెవుడు? ఏ పేటోడు?"

"ఫోన్లో ఆట తాతా."

"ఫోన్లో ఉన్నోడి కోసం బయటున్నోడిని కొట్టినాదేటి!" అని తాత నోరు తెరిచాడు. పాకంతా నవ్వు.

నరసింగరావు మావ గొంతు సవరించుకున్నాడు. "రాముడు ఊళ్ళో లేడు. పిల్ల తరపున ఎవులు మాట్టాడతారు? ఎవులూ లేకపోతే, తప్పయిపోనాదని నలుగురిలో సెప్పి, అమ్మోరికి కొబ్బరికాయ కొట్టమనండి. సరిపోద్ది."

రాముడంటే మా నాన్న. తగువులో ఆడది నోరు విప్పకూడదు, తండ్రో మావో అన్నో మాట్లాడాలి. అదీ మా పేట పద్ధతి. నా తరపున మాట్లాడేవాడు వెరావల్లో ఐసు పెట్టెల మధ్య ఉన్నాడు. తప్పయిపోయిందని ఒక్క మాటంటే ఇంటికి పోవచ్చు. కానీ ఆ మాటంటే, బాబీ వదిలేస్తేనే నేను గెలిచానని పేటంతా శాశ్వతంగా రాసేసుకుంటుంది. నేను ఛస్తే అనను అనుకున్నాను.

"నా తరపున నానే మాట్టాడతాను," అన్నాను.

గోల మొదలైంది. ఇదివరకు లేదన్నారొకరు. చదువు ఎక్కువైపోనాదన్నారొకరు. వెనకనుంచి ఎవరో, "బావామరదళ్ళ సరసం. రేపు పెళ్ళయితే ఆళ్ళే సూసుకుంటారు, మనకెందుకు?" అన్నారు. అటు తిరిగి, "పెళ్ళయితే సేపతో ఆగను," అన్నాను.

అప్పుడు అమ్మమ్మ గుమ్మం దాటి లోపలికి వచ్చింది.

"ఏటి నూకయ్యా, పొద్దుటేల మీ బోటు ఒడ్డుకొస్తే వేలం పాట పాడేదెవులు? నాను. రేటు కట్టేదెవులు? నాను. అప్పుడు ఆడదాని నోరు మీకు కావాల. సాయంత్రం అయితే అదే నోరు మూసుకోవాల? రేపట్నుంచి మీ సేపలు మీరే అమ్ముకోండి మరి."

చేపలమ్మే పని ఆ పెద్దల్లో ఒక్కరికీ చేతకాదు. నూకయ్య తాత మీసం నిమురుకుని, "సరే, పిల్ల మాట్టాడుద్ది. ముందు ఆ ఆట సంగతి తేల్చండి. తరవాత సేప సంగతి," అన్నాడు.

బాబీ లేచి మొదలెట్టాడు. "వాల్గర్‌కి ఆరు జంతువులు తాతా. మారెన్‌కి మూడే. వాల్గర్ గద్ద పిడుగేస్తే ఒక్క దెబ్బకి ఎవుడూ మిగలడు. ఇంకో సంగతి. వాల్గర్‌ని ఓడించినా, ఆడు తన బలమంతా పెట్టి ఆడలేదని ఆఖర్న సెప్తాడు. 'నిన్ను పరీక్షించాను, అంతే' అంటాడు. అంటే ఆడి పూర్తి బలం ఇంతవరకు ఎవుడూ సూడలేదు. మరి ఆడే కదా గొప్పోడు?"

"సూడని బలం అంటే పెద్దదే," అన్నాడు కొండబాబు, తల ఊపుతూ. ఇంకో ఇద్దరు కూడా ఊపారు.

నేను లేచాను. నూకయ్య తాత వైపు తిరిగాను.

"తాతా, ఎవులూ సూడని బలం ఉన్నాదని మనకెలా తెలుస్తాది? ఆడు సెప్తేనే కదా? ఆడేమో ఓడిపోనాక సెప్తాడు. ఓడిపోకముందు ఒక్కసారైనా సెప్పడు. మారెన్ ఓడిపోతే 'ఓడిపోయాను, నువ్వు వెళ్ళొచ్చు' అని దారి వదులుద్ది. ఆవిడ బలమెంతో అందరం సూసినాం. దాచుకున్నది లేదు. మూడూ తనే పట్టుకున్నాది, వాల్గర్‌కి ఆరూ ఆడి నాన్న ఇచ్చినవే. వాల్గర్ సంగతేటంటే, ఆడు ఓడిపోడు, పరీక్షిస్తాడు. ఇలాగైతే ఎవుడైనా సెప్పొచ్చు, ఎప్పుడూ ఓడిపోలేదని."

నూకయ్య తాత పగలబడి నవ్వాడు. "ఒరే, ఇది మన అప్పన్నగాడి కథే కదరా! వల నిండా సేప పడినాదంట, దయ కలిగి ఒదిలేసి వచ్చినాడంట, ఏడాదంతా ఖాళీ బుట్టతో ఇదే సెప్పేవోడు."

ఆ నవ్వుతో పాక రెండుగా చీలిపోయింది. వాల్గర్ పక్షం వాళ్ళు ఆరు పెద్దదా మూడు పెద్దదా అని అరిచారు. మారెన్ పక్షం వాళ్ళు, నాన్న ఇచ్చిన బోటు మీద వేటకెళ్ళినవాడు మొనగాడేటి అని ఎదురు అరిచారు. ఆ మాట తనకే తగిలిందని నరసింగరావు మావ లేచి నిలబడ్డాడు. ఆటంటే ఏమిటో అప్పటిదాకా తెలియని వాళ్ళు అరుస్తుంటే నాకు లోపల ఎంత గర్వంగా ఉందో!

ఇక ఆగలేక అసలు మాట బయటపెట్టాను. "తాతా, నాను కొట్టింది వాల్గర్ కోసం కాదు. మూడుసార్లు నాను గెలిచినాను. మరదలివని ఒదిలేసినానని ఈడు నలుగురిలో అన్నాడు. అందుకు కొట్టినాను."

బాబీ తల దించలేదు. "ఒదిలేసిన మాట నిజమే," అన్నాడు.

"మాటలెందుకు, ఇక్కడే ఆడించండి," అన్నాడు కొండబాబు. నరసింగరావు మావ సరేనన్నాడు. నూకయ్య తాత నా వైపు చూసి, "ఓడిపోతే తప్పు సెప్తావా?" అనడిగాడు.

"ముందు ఆడనివ్వండి," అన్నాను. మాట ఇవ్వలేదు.

ఫోన్లు కలిపాం. పెద్దలు మా తలల మీద తలలు పెట్టి చూశారు. గద్ద ఎక్కడుంది, పీత ఎక్కడుంది అని అడుగుతూ తెరమీద వేళ్ళు పెట్టబోయారు. నా మూడింట్లో ఒకటి పోయింది. బాబీవి నాలుగు పోయాయి. నా రెండోదీ పోయింది. పీత మిగిలింది, బలమంతా దానికి వచ్చింది. వాడికి గద్ద, ఇంకొకటి. ఇక్కడ కాచుకోవాలి. పిడుగు వేశాక గద్ద ఒక వంతు ఊరుకుంటుంది, అప్పుడు కొట్టాలి. నాకు తెలుసు. మూడుసార్లూ అలాగే గెలిచాను. కానీ బాబీ మొహం మీద ఆ నవ్వు చూసి కోపం ఆగలేదు. ముందే కొట్టాను. గద్ద తప్పుకుంది. పిడుగు పడింది. పీత పడిపోయింది.

ఈల వేశారు వాల్గర్ పక్షం వాళ్ళు. "సూసినారా! ఇన్నాళ్ళూ ఒదిలేసినాడన్నమాట నిజమే!" అన్నారు. నరసింగరావు మావ కండువా దులుపుకున్నాడు. "తప్పు సెప్పెయ్ అమ్మా, రాత్రి అవుతాది," అన్నాడు, పెద్ద మనసు చూపిస్తున్నట్టు.

నాకు ఏడుపొచ్చింది. దాచలేదు, కళ్ళమ్మట కారుతూనే ఉంది. చెప్పుకోవడానికి సాకులు బోలెడున్నాయి. మీరంతా మీద పడ్డారు, తెర కనపడలేదు అనొచ్చు. బావ కదా, తండ్రి ముందు పరువు పోతుందని వదిలేశాను అని నేనూ అనొచ్చు. అంటే అందరూ నవ్వేవాళ్ళు, సగంమంది నమ్మేవాళ్ళు కూడా. అది నోటిదాకా వచ్చింది. ఆ మాట మీద నాకే అసహ్యం వేసింది.

"ఓడిపోనాను," అన్నాను గట్టిగా, బయటున్న ఆడవాళ్ళకి కూడా వినపడేలా. "నిజంగా ఓడిపోనాను. తొందరపడి ఓడిపోనాను. ఎవుల్నీ ఒదిలెయ్యలేదు, ఎవుల్నీ పరీక్షించలేదు. ఇప్పుడు ఈడిని సెప్పమనండి. ఆ మూడుసార్లు ఏటయినాదో నాలాగే నోరారా సెప్పమనండి. ఈడు సెప్పినాక నాను సేప మాట సెప్తాను. అంతదాకా మీరు తెల్లార్లూ కూకున్నా సెప్పను."

ఈలలు ఆగిపోయాయి. బాబీ ఫోను వైపు చూశాడు, వాళ్ళ నాన్న వైపు చూశాడు. వాడి స్నేహితులు గుమ్మం దగ్గర నిలబడి ఉన్నారు. మూడోసారి వాడు ఓడిపోతున్నప్పుడు పక్కనే ఉండి, వాడు గోళ్ళు కొరుక్కోవడం, కిందపడిపోతున్న గద్దని తిట్టుకోవడం చూసినవాళ్ళే. వాళ్ళెవరూ నవ్వడం లేదు.

"ఏరా?" అన్నాడు నరసింగరావు మావ. గొంతు తగ్గింది. "ఒదిలేసినావా, ఓడిపోనావా?"

"ఊఁ," అన్నాడు బాబీ.

"ఊఁ అంటే ఏటిరా? ఆ పిల్ల ఏడుస్తా కూడా నోరారా సెప్పినాది," అన్నాడు నూకయ్య తాత.

బాబీ ఫోను జేబులో పెట్టుకున్నాడు. "ఓడిపోనాను. మూడుసార్లూ. ఒదిలెయ్యలేదు."

చెప్పాక వాడి మొహం తేలికపడటం నేను చూశాను. నాకు జాలి కూడా వేసింది, కొంచెం. కానీ నా కోపం అక్కడే ఉంది, దాన్ని ఎక్కడికీ పంపదలుచుకోలేదు.

తాత నా వైపు తిరిగాడు. నేను కళ్ళు తుడుచుకుని పాక మధ్యకి వచ్చి నిలబడ్డాను. అమ్మమ్మ చూస్తోంది, బయటున్న ఆడవాళ్ళందరూ చూస్తున్నారు.

"సేపతో కొట్టడం తప్పు," అన్నాను. "కొబ్బరికాయ కొడతాను."

"అంతే, అయిపోనాది, లెగండి," అన్నారు పెద్దలు, మోకాళ్ళ మీద చేతులు ఆనించుకుని.

"అవ్వలేదు," అన్నాను. "కొట్టాల్సి రావడం నా తప్పు కాదు."

ఈ రెండో మాట నన్నెవరూ అడగలేదు. సగం లేచినవాళ్ళు మళ్ళీ కూర్చోలేక, పూర్తిగా లేవలేక అలాగే వంగి ఉండిపోయారు. నేను మాత్రం ఆ మాట ఇంకోసారి, ఇంకా గట్టిగా అన్నాను.