పేజీ చివరి నంబరు

ఉగ్గానికి నానిన బొరుగులు పిండుతున్నాను. వాకిట్లో ఎవరో ‘సరళమ్మ ఇల్లు ఇదేనా?’ అని అడిగారు. లక్ష్మీపతి సారు ఇల్లు అనలేదు! పెళ్లయి ముదిగుబ్బకు వచ్చిన నాటి నుంచి మా ఆయన పేరు లేకుండా నన్ను వెతుక్కుంటూ వచ్చిన మొదటి మనిషి. తడి చేతులతోనే పరుగెత్తాను.

ఆమె బత్తలపల్లె నుంచి వచ్చిన బయమ్మ. గొర్రెలు మేపుకుని బతికే మనిషి.

‘పేపర్లో నువ్వు రాసినట్టే చేసినా తల్లీ. గొర్రెలు సచ్చిపోతే, పూడ్చకముందే ఇన్సూరెన్సోళ్లు వాటి చెవులకు ఏసిన బిళ్లలు సాక్ష్యానికని తీసి దాచిపెట్టినా. దుడ్లు నా పేరు మీదనే వచ్చినాయి. నీకు చెప్పి పోదామని వచ్చినా.’

నాకు ఎగిరి గంతెయ్యాలనిపించింది. ఇన్నేళ్లుగా ఆదివారం పేపరుకు డబ్బు సంగతులు రాస్తున్నాను. వంటయ్యాక, బట్టలు ఉతికాక, అత్తకు కాళ్లు పట్టాక. ‘కూసున్న చోట ఏందో ఒకటి గీకుతాంటాది’ అంటుంది మా అత్త కదిరమ్మ. ఒక్క పాఠకురాలి గొంతు కూడా నా చెవిన పడలేదు. నా రాతలు ఎవరికీ పనికి రావడం లేదేమోనని ఎన్నోసార్లు మానేద్దామనుకున్నాను.

‘ఇంత దూరం వచ్చే బదులు ఫోన్ చేయకపోయినావా?’

‘శానా సార్లు చేసినా. సారు ఎత్తినాడు. ఆమెకేం తెల్దు, నేను చెప్తాంటే రాస్తాది, ఏమున్నా నన్నే అడుగు అన్నాడు.’

వ్యాసం చివర సందేహాలకని వేసే నంబరు ఆయనదే. ‘ఆడమనిషి నంబరు పేపర్లో యాల? నాది ఇస్తా’ అని మొదట్లోనే ఇచ్చాడు. నేనూ మంచికేలే అనుకున్నాను. నాకు రావలసిన మాటలన్నీ ఆయన చెవిలో పడ్డాయి, ఒక్కటీ నా దాకా రానివ్వలేదు. ఒళ్లు మండిపోయింది. అయినా ఆ మంటకంటే సంతోషమే ఎక్కువైంది. వద్దు వద్దంటున్నా బయమ్మకు ఉగ్గాని మళ్లీ మళ్లీ వడ్డించాను.

ఆమె తింటుండగానే విజయవాడ నుంచి పబ్లిషరు మా ఆయన ఫోనుకు చేశాడు. ఆయన స్నానంలో ఉన్నాడు, నేనే ఎత్తాను. నా వ్యాసాలన్నీ పుస్తకంగా వస్తున్నాయి మరి! వేళ్లకు నూనె అంటి ఉంది, స్పీకరు పెట్టాను.

‘మధ్యాహ్నం ప్రెస్సుకు పంపేస్తున్నాం మేడం. వెనక అట్ట మీద పాఠకుల కోసం పాత నంబరే వేసేయమంటారా?’

స్నానం చేసి వచ్చి అప్పుడే ప్లేటు ముందు కూర్చున్న మా ఆయన ‘ఆ, అదే ఎయ్యమను. అందరికీ తెలిసిన నంబరు’ అన్నాడు.

‘వద్దండీ, మార్చండి’ అని నా నంబరు ఒక్కో అంకే చెప్పాను.

‘నీకేమన్నా పిచ్చా? పొద్దస్తమానం ఫోన్లు వస్తాయి. ఇంట్లో పని ఎవురు చేసేది?’

‘ఫోన్లు రావాలనే కదా ఇస్తాండేది!’

బయమ్మ తినడం ఆపి నన్నే చూస్తోంది. అవతల పబ్లిషరుకు ఏమీ అర్థం కాలేదు.

‘ఈ కొత్త నంబరు ఎవరిది మేడం?’

‘రాసినామెది’ అన్నాను.