రెస్తితూత తూకం

బుధవారం ఉదయం ఏడు గంటల నలభై నిమిషాలకి నీవెస్ కాఫీ గిన్నె పొయ్యి మీద పెట్టి మంట తగ్గించింది. బిడ్డ పుట్టి అది పదో రోజు. పేరు నమోదుకి చట్టం ఇచ్చిన గడువు ఆ రోజుతో సరి. పురపాలక కార్యాలయం పన్నెండున్నరకి మూసేస్తారు. భర్త ఎన్నియో లారీతో ఆస్ట్రియాలో ఉన్నాడు. "అమ్మ పేరో ఇంకోటో, మీరే చూసుకోండి" అని ఫోన్లో చెప్పేశాడు.

తలుపు వెనక ఆమె సర్దుకున్న సంచి ఉంది. ఒంటిగంటా పది బస్సుకి, సముద్రం ఒడ్డునున్న రిమినీ పట్నానికి వెళ్లిపోవాలని నీవెస్ మూడు రోజుల కిందటే నిశ్చయించుకుంది. అక్కడ ఒక హోటల్లో దుప్పట్లు ఉతికే పని దొరికింది. ఎవరికీ చెప్పలేదు. బిడ్డని అత్తగారు పెంచుతుంది. ఇందులో కోపం లేదు, ఏడుపు లేదు. రెండేళ్ల కిందట ఆమెకి మగబిడ్డ ఊపిరి లేకుండా పుట్టాడు. వాడికి పేరు తూయలేదు. అప్పటినుంచి ఏది పట్టుకున్నా చేతులకి బరువు తెలియడం లేదు. ఈ పిల్లని ఎత్తుకున్నా ఖాళీ బుట్టని ఎత్తుకున్నట్టే ఉంది.

ఇటలీ కొండల్లోని ఈ కొల్లెసెక్కో ఊళ్లో పేరు పెట్టడమంటే తూయడమే. జున్ను కొట్టులో, కొట్టు నడిపే ఇల్దే త్రాసు మీద మెత్తటి గుడ్డ పరిచి, పిల్లని పడుకోబెట్టి, పేరు పలుకుతారు. పట్టిన పేరైతే ముల్లు జరుగుతుంది. పట్టనిదైతే జరగదు, దాన్ని పురపాలక గుమాస్తా పుస్తకంలో రాయడు. ఊళ్లో ఇంతవరకూ పలికిన పేర్లన్నీ, వాటి గ్రాములతో సహా, కొట్టు గోడ మీద అంటించి ఉన్నాయి. మరియా పన్నెండు గ్రాములే. అందరూ వాడి వాడి అరగదీశారు.

పదకొండింటికి అత్తగారు ఒర్సోలా పిల్లని త్రాసులో పెట్టింది. మూడు కిలోల నూట ఇరవై.

"ఒర్సోలా," అంది గట్టిగా. ముల్లు ముప్పై గ్రాములు జరిగింది.

"అక్కా, వేలు తియ్యి," అంది ఇల్దే.

"ఏ వేలు?"

"పళ్లెం అంచు మీదున్న వేలు. నలభై ఏళ్లుగా జున్ను తూస్తున్నాను, నాకే చూపిస్తావా?"

వేలు తీసింది. ముల్లు వెనక్కి వచ్చింది. వరసలో ఉన్నవాళ్లు నవ్వారు. ఒర్సోలా మొహం ఎర్రబడింది. "మనవరాలికి నాయనమ్మ పేరు పెట్టకపోతే ఇంకెవరి పేరు పెడతారు? పాలవాడిదా?"

వరసలో వాళ్లు తలా ఒక పేరూ అందించారు. ఆద్రియానా, లివియా, వెరోనికా. పిల్ల ఆవలించింది. ముల్లు ఆవలించను కూడా లేదు. పన్నెండు దాటింది. నీవెస్ గడియారం చూసి గోడ మీది జాబితా చివరిదాకా చదివింది. అడుగున, సిరా వెలిసిపోయిన ఒక పేరు ఉంది. ఎదురుగా రాసిన గ్రాములు పూర్తిగా చెరిగిపోయాయి.

"మాస్టారూ, ఇదేమిటి?"

గ్వాల్తియెరో ముప్పై ఏళ్లు లాటిన్ చెప్పి, ఇప్పుడు రోజూ పావుకిలో జున్ను కొనడానికి వస్తాడు. కళ్లజోడు పైకి నెట్టుకున్నాడు. "రెస్తితూత. తిరిగి ఇచ్చేసినది అని. పోయిందనుకున్న వస్తువు మళ్లీ సొంతదారు చేతికి చేరితే అలా అంటారు. ఒక పునీతురాలి పేరు కూడా. మా అమ్మమ్మ తరం తర్వాత ఎవరూ పెట్టలేదు."

"మందుల సీసా పేరులా ఉంది. పూటకి మూడు చుక్కలు," అంది ఒర్సోలా.

"బళ్లో పిల్లలు బతకనివ్వరు," అంది ఇల్దే.

"పదిరోజులు ఏడిపిస్తారు. ఆ తర్వాత బళ్లో ఆ పేరుతో ఇంకెవరూ లేరని అసూయపడతారు," అన్నాడు మాస్టారు. "నాకు నచ్చేదేమిటంటే, ఎవరిచ్చారో, ఎందుకిచ్చారో ఆ పేరు చెప్పదు. ఇచ్చేశారు, అంతే. సంతకం అడగరు."

నీవెస్‌కి బస్సు వేళవుతోంది. ఇది కూడా కుదరకపోతే పేరు సంగతి గుమాస్తా చూసుకుంటాడు, తనకి పనిలేదు. "రెస్తితూత," అంది, రొట్టెల ధర అడిగే గొంతుతో.

ముల్లు జరిగింది. ఎనభై గ్రాములు పెరిగి ఆగింది. ఇల్దే వంగి చూసి, పెన్సిల్ నాలికకి తాకించి, గోడ మీద రాసింది. ఎవరో రెండొందల గ్రాముల గొర్రెజున్ను అడిగారు.

నీవెస్ పిల్లని ఒక చేత్తో తీయబోయింది. రాలేదు. రెండో చెయ్యి కూడా వేసి ఎత్తుకుంది.

పన్నెండూ ఇరవై రెండుకి గుమాస్తా పేరు రాసి ముద్ర వేశాడు. బయట మెట్ల మీద ఒర్సోలా చేతులు చాచింది. "ఇలా తే, ఇంటిదాకా నేను మోస్తాను. నువ్వు మొహం వేలాడేసుకుని నడిస్తే జనం నన్నంటారు."

నీవెస్ ఆ చేతుల వైపు చూసింది. ఇవ్వాల్సిన క్షణం అదే. "బరువుంది, అత్తయ్యా," అంది. ఊరి చివరి ఇంటివైపు ముప్పావుగంట అలాగే నడిచింది. ఒంటిగంటా పది బస్సు పక్కనుంచే దిగువకి వెళ్లిపోయింది. ఆమె తల ఎత్తలేదు. పిల్ల తల జారకుండా మోచెయ్యి సర్దుకుంటోంది.

ఆ తర్వాతి వారం గురువారం పిల్లల డాక్టర్ రెస్తితూతని చూసి అంతా సవ్యంగా ఉందని రాసింది. తర్వాత ఆవిడే నీవెస్ ఎడమ మణికట్టు పట్టుకుని, బొటనవేలు లోపలికి మడిచి చూసింది. నరం వాచిందని చెప్పింది. బిడ్డని పొద్దస్తమానం దించకుండా ఎత్తుకునే తల్లులకి అలా వస్తుందట.