ఇరవై నాలుగో ఆల్చిప్ప

ఆల్చిప్పలు తోమడం ఆ ఇంట్లో నాన్న పని. ఆదివారం పొద్దున్నే సింకు ముందు నిలబడి, పాత బూట్ల బ్రష్షుతో ఒక్కో చిప్పనీ చిన్నపిల్లలకు పళ్లు తోమినంత ఓపిగ్గా తోమి, పంపు కింద కడిగి, తడిగుడ్డ మీద వరసగా పేర్చాడు. రెండు డజన్లు. మనిషికి ఆరు.

ఆయనకు వీధి చివర తాళాలు బాగుచేసే కొట్టు ఉంది.

"ఎవరి తాళంచెవి పోయినా పరిగెత్తుకుంటూ నా దగ్గరికే వస్తారు. ఈ చిప్పల ముందు మాత్రం నా పనిముట్లన్నీ దండగ," అన్నాడు.

"ఎప్పుడూ అనే మాటే. దానికి తెరుచుకోవు, కొత్తదేదైనా చెప్పండి," అంది అమ్మ.

ఆ ఇంట్లో ఆల్చిప్పలను కత్తితో తెరవరు. అరచేతిలో పెట్టుకుని, నోటి దగ్గరికి తెచ్చుకుని ఒక నిజం చెబుతారు. చిప్ప టక్కున తెరుచుకుంటుంది. నిజం చిన్నదైనా పరవాలేదు గానీ ఒకసారి వాడింది మళ్లీ పనిచేయదు. అందుకే నాన్న వారమంతా చిన్న చిన్న నిజాలు పోగేసి, ఆదివారం కోసం దాచుకుంటాడు.

"నువ్వు అల్మరాలో దుప్పట్ల వెనక దాచిన బిస్కెట్లు తిన్నది నేనే."

టక్.

"తినేసి నెపం పిల్ల మీద పెట్టింది కూడా నేనే."

టక్.

"నాన్నా! రెండు రోజులు తిట్లు తిన్నాను!" అని వెనక నుంచి కూతురు అరిచింది.

అమ్మ నవ్వుతూ ఒక చిప్ప తీసుకుంది. "మీ నాన్న స్నానం చేస్తూ పాడే పాట నాకు అస్సలు నచ్చదు. పెళ్లయిన దగ్గర్నుంచి బాగుందనే చెబుతున్నాను."

టక్. అది మిగతావాటికన్నా వెడల్పుగా తెరుచుకుంది.

"అదేమిటే! ఇన్నేళ్లూ..." అంటూ నాన్న బ్రష్షు సింకులో వదిలేశాడు.

"చిప్ప తెరుచుకుందిగా. ఇంకేం వాదిస్తారు?"

అమ్మ పనిచేసేది కూడా ఆల్చిప్పల దగ్గరే. రేవు పక్కనున్న షెడ్డులో పంతొమ్మిదేళ్లుగా చిప్పలు తెరుస్తోంది. అక్కడ కత్తులే. గంటకు అన్నేసి చిప్పలు తెరవాలంటే సరిపడా నిజాలు ఎవరి దగ్గరుంటాయి? ఆ షెడ్డు గోడ మీద బారెడు అక్షరాలతో ‘మనమంతా ఒకే కుటుంబం’ అని రాసి ఉంటుంది. ఆ కుటుంబంలో ఒకరి వేలు తెగితే కట్టు ఎవరు కట్టాలో మాత్రం ఎక్కడా రాసి లేదు.

ఆరు నెలల కిందట అమ్మ కత్తి జారింది. ఎడమచేతి బొటనవేలి మొదట్లో నరం తెగింది. గాయం మానింది, వేలు మాత్రం వంగడం మానేసింది. అప్పట్నుంచి ఆమె గంటకు తెరిచే చిప్పలు సగానికి పడిపోయాయి. ఇవాళ మధ్యాహ్నం షెడ్డు సూపర్‌వైజరు భోజనానికి వస్తున్నాడు. వస్తూ ఒక కాగితం తెస్తున్నాడు. అమ్మ సంతకం పెడితే సోమవారం నుంచి ఆమెకు పని లేదు.

"వాడికి భోజనం ఒకటి తక్కువైందా?" అంది కూతురు. డిగ్రీ ఆఖరి సంవత్సరం చదువుతోంది. కాలేజీలో ఏ సభ జరిగినా ముందు ఆమె గొంతే వినిపిస్తుంది గనక ఇంట్లో అందరూ ఆమెను మైకు అంటారు.

"వాడు వీడు అనకు. మీ మావయ్య."

"నీ పక్క బల్ల దగ్గర పనిచేసినన్నాళ్లూ మావయ్యే. కుర్చీ ఎక్కాక మనిషి మారాడు. చెమట ఒకరిది, సింహాసనం ఇంకొకరిది!"

"మైకూ, కాస్త సౌండు తగ్గించి ఆ ఉల్లిపాయలు తరుగు," అన్నాడు నాన్న.

మైకుకు వంటింట్లో దక్కిన పని పూర్ణం చేయడం. నిన్నటి రొట్టె ఎండబెట్టి పొడి చేసింది. ఉల్లిపాయ, వెల్లుల్లి సన్నగా తరిగి వెన్నలో మెత్తబడేదాకా వేయించింది. రొట్టె పొడి, కొత్తిమీర, మిరియాలు, చీజ్ తురుము వేసి, చిప్పల్లోంచి వడగట్టిన ఉప్పునీళ్లు రెండు చెంచాలు చిలకరించి కలిపింది. ఆ పని ఆమెకు ఇష్టమని ఇవ్వలేదు. చిప్పలు ఆమె మాటకు తెరుచుకోవు, అందుకని ఇచ్చారు.

ఇరవై మూడు తెరిచాక అమ్మ ఆఖరిది మైకు చేతిలో పెట్టింది. "ఇవాళైనా ఒకటి తెరువు."

మైకు గొంతు సవరించుకుంది. "శ్రమజీవులదే రేపటి ప్రపంచం!"

చిప్ప కదల్లేదు.

"మౌనంగా ఉండటమంటే అన్యాయానికి కాపలా కాయడమే!"

ఉహూఁ.

"అబద్ధాలా ఇవి? చెప్పండి, వీటిలో ఒక్కటైనా అబద్ధమా?"

"అబద్ధమని కాదు తల్లీ," అన్నాడు నాన్న. "ఇంకెవరి తలుపుకో చేసిన తాళంచెవి అది. నీ తలుపుకు ఎలా పడుతుంది?"

మైకుకు ఒళ్లు మండింది. మూడో నినాదం కోసం వెతుక్కుంటుంటే, దాని బదులు ఒక వానరోజు గుర్తొచ్చింది. కాలేజీ గేటు దగ్గర రబ్బరు బూట్లతో, గొడుగుతో నిలబడిన అమ్మ. మాట నాలుక చివరిదాకా వచ్చింది. మింగేసింది. అరచేతిలో చిప్ప మాత్రం వెంట్రుక వాసి తెరుచుకుంది. ఎవరూ చూడకుండా మైకు దాన్ని బల్ల మీద పెట్టేసి చేతులు కడుక్కుంది.

మావయ్య ఒంటిగంటకు వచ్చాడు. వస్తూనే చెప్పులు విప్పి వంటింట్లోకే వచ్చేశాడు.

"అక్కా, వాసన వీధి మొదటిదాకా వస్తోంది. దారి అడగక్కర్లేకుండా వచ్చేశాను."

"ఎప్పుడైనా దారి అడిగావా ఏమిటి? కూర్చో. చిక్కిపోయావు."

"రెండు కిలోలు పెరిగానక్కా."

"నా కళ్లకు చిక్కినట్టే ఉన్నావు. మాట్లాడకుండా కూర్చో."

ట్రేలో దొడ్డుప్పు పరిచి, ఒరిగిపోకుండా చిప్పలను దాని మీద గుచ్చినట్టు నిలబెట్టింది అమ్మ. ఒక్కోదాంట్లో చెంచాడు పూర్ణం అద్ది, ఓవెన్ పైమంట కింద పెట్టింది. ఓవెన్ తలుపు కొంచెం తెరిచి ఉంచి, పక్కనే నిలబడి నాలుగు నిమిషాలూ కన్ను తిప్పలేదు. లోపలి మాంసం అంచులు ముడుచుకుని, పైన పొడి తేనెరంగుకు తిరగగానే తీసి నిమ్మకాయ పిండింది. ఎడమచేతి బొటనవేలు పక్కకు కర్రముక్కలా నిలబడి ఉంటే, మిగతా నాలుగు వేళ్లతోనే ట్రే పట్టుకుంది. మావయ్య అది చూసి తల దించుకున్నాడు.

తిన్నారు. వేళ్లు కాల్చుకున్నారు, ఊదుకున్నారు, చిప్పలో మిగిలిన రసం జుర్రుకున్నారు. నాన్న తన పాట సంగతి చెప్పి వాపోయాడు. మావయ్య పొట్ట పట్టుకుని నవ్వాడు. మైకు కూడా నవ్వింది, నవ్వానని తన మీద తనకే కోపం వచ్చింది.

పళ్లెంలో ఖాళీ చిప్పలు ఇరవై మూడయ్యాక మావయ్య జేబులోంచి కాగితం తీశాడు. నాలుగు మడతలు విప్పి, చేత్తో సాపుచేసి అమ్మ ముందు పెట్టాడు.

"ఇది... నీకు తెలుసుగా అక్కా."

"తెలుసు. పెన్ను ఇవ్వు."

"అమ్మా! సంతకం పెడతావా?"

"పెట్టకపోతే వాణ్ణి కుర్చీలోంచి దింపేస్తారే. ఇద్దరు చిన్నపిల్లలు ఉన్నారు."

"అయితే గట్టిగా చదువు. ఏం రాశారో అందరం వినాలి."

అమ్మకు చదివేటప్పుడు చేతిలో ఏదో ఒకటి ఉండాలి. బల్ల మీదున్న ఇరవై నాలుగో చిప్పను ఎడమచేత్తో తీసుకుంది. కాగితం కుడిచేత్తో కళ్ల దగ్గరికి తెచ్చుకుంది.

"నేను నా సొంత కారణాల వల్ల, పూర్తిగా నా ఇష్టప్రకారం ఈ పని మానేస్తున్నాను..."

ఠప్‌మని చప్పుడైంది. వెంట్రుక వాసి తెరుచుకుని ఉన్న చిప్ప నోరు విప్పి, కాగితం కింది మూలను, సరిగ్గా సంతకం పెట్టాల్సిన చోట కరిచి మూసుకుంది.

మావయ్య మెల్లగా లాగాడు. రాలేదు.

"గట్టిగా లాగితే చిరుగుతుంది," అన్నాడు నాన్న, తాళం చూసినట్టు చిప్పను అటూ ఇటూ తిప్పి చూస్తూ. "అబద్ధం మీద మూసుకుంది. ఇక ఆ విషయంలో నిజానికే తెరుచుకుంటుంది. నా బిస్కెట్లు పనికిరావు."

మైకు లేచి నిలబడింది. "దోపిడీ..." అని మొదలుపెట్టి, అమ్మ ముఖం చూసి ఆగిపోయింది. అమ్మ ఎవరినీ చూడటం లేదు. చిప్పను చూస్తోంది.

"నాకు మానేయాలని లేదు," అంది అమ్మ, చాలా చిన్నగా. "పొద్దున్నే ఆ బల్ల దగ్గరికి వెళ్లకపోతే ఎక్కడికి వెళ్లాలో నాకు తెలీదు."

చిప్ప కొంచెం కదిలింది. కాగితాన్ని వదల్లేదు.

అప్పుడు మావయ్య చెయ్యి చాచి దాన్ని తీసుకున్నాడు. అతను కూడా పన్నెండేళ్లు చిప్పలు తెరిచినవాడే. కాగితం వేలాడుతున్న ఆ చిప్పను నోటి దగ్గరికి తెచ్చుకున్నాడు.

"అక్క చెయ్యి షెడ్డులోనే తెగింది."

చిప్ప ఇంకొంచెం కదిలింది.

"అరచేతికి చుట్టుకునే గుడ్డలు తీసేయించారు గనక తెగింది."

మళ్లీ కదిలింది.

"పైనుంచి ఆర్డరు వచ్చిందని మీ అందరికీ చెప్పాను." మావయ్య చిప్పను ఇంకా దగ్గరికి తెచ్చుకున్నాడు. "ఏ ఆర్డరూ రాలేదు. గుడ్డ చుట్టుకుంటే పని నెమ్మదవుతుందని నాకే తోచింది. నన్నెవరూ అడగలేదు. అడగకుండానే తీసేయించాను. ఆ నెలే నాకు కుర్చీ ఇచ్చారు."

టక్.

కాగితం తడిసి కింద పడింది. సంతకం పెట్టాల్సిన చోట సిరా అలుక్కుపోయింది.

మైకు దగ్గర ఆ క్షణానికి సరిపడే నినాదాలు కనీసం పది ఉన్నాయి. ఒక్కటీ నోట్లోంచి రాలేదు.

అమ్మ లేచింది. తెరుచుకున్న చిప్పలో పూర్ణం పెట్టి, ఓవెన్ పైమంట కింద ఉంచింది. మావయ్యకు వీపు పెట్టి అలాగే నిలబడి, "కాగితం తిరగెయ్యి," అంది.

"అక్కా..."

"ఇప్పుడు చిప్పకు చెప్పిందే వెనకవైపు రాయి. ఒక్క మాట తగ్గించకు. కింద నీ సంతకం పెట్టు."

"నా ఉద్యోగం..."

"బల్ల ఉంది, కత్తి ఉంది, నీకు పని వచ్చు. గుడ్డ మాత్రం చుట్టుకో."

మావయ్య రాశాడు. నాన్న కాగితం మూల కదలకుండా పట్టుకున్నాడు. రాయడం అయ్యేసరికి నాలుగు నిమిషాలైంది. అమ్మ ఇరవై నాలుగో చిప్పను బయటికి తీసి, నిమ్మకాయ పిండి, అతని ముందే పెట్టింది.

"నీకు ఆరోది. తిను, చల్లారితే బాగోదు."

అతను ఏడుస్తూనే తిన్నాడు.

సూపర్‌వైజరే సంతకం పెట్టి ఇచ్చిన కాగితాన్ని షెడ్డువాళ్లు కాదనలేకపోయారు. పదకొండో రోజున అమ్మ వేలికి ఆపరేషన్ చేయించారు. అది మునుపటిలా వంగదు గానీ, టీ కప్పు పట్టుకునేంత వంగుతుంది. ఆమెను చిప్పలు ఏరే బల్ల దగ్గర కూర్చోబెట్టారు. అక్కడ కళ్లు పనిచేస్తే చాలు, బొటనవేలితో పని లేదు. అరచేతి గుడ్డలు అన్ని బల్లల మీదికీ తిరిగొచ్చాయి. కుర్చీలోకి ఇంకెవరో వచ్చారు. మావయ్య మళ్లీ కత్తి పట్టుకున్నాడు. అమ్మ అతనితో మూడు వారాలు మాట్లాడలేదు. నాలుగో వారం శనివారం సాయంత్రం, వెళ్తూ వెళ్తూ, "రేపు ఒంటిగంటకు. పిల్లల్ని కూడా తీసుకురా," అంది.

ఆ ఆదివారం చిప్పలు మూడు డజన్లు. నాన్న తోముతూ పాడుతున్నాడు. ఇప్పుడు బాగుందని ఎవరూ చెప్పక్కర్లేదు గనక ఇంకా గట్టిగా పాడుతున్నాడు.

మైకు ఉల్లిపాయలు తరగడం ఆపి, అడక్కుండానే ఒక చిప్ప తీసుకుంది. అమ్మ పక్కనే నిలబడింది.

"ఆ మధ్య వానలో గొడుగు తెచ్చి గేటు దగ్గర నిలబడ్డావు చూడు," అంది. మైకు గొంతు ఎప్పుడూ అంత చిన్నగా లేదు. "ఆవిడెవరని నా స్నేహితురాలు అడిగింది. పక్కింటావిడ అని చెప్పాను."

టక్.

నాన్న పాట ఆగింది. మైకు కళ్లెత్తలేదు. అరచేతిలో తెరుచుకున్న చిప్పలో నీళ్లు తొణికాయి.

అమ్మ ఆ చిప్పను అందుకుని, నీళ్లు గిన్నెలోకి వడగట్టింది.

"నాకు వినబడింది," అంది. "ఆ పక్కింటావిడ తెచ్చిన గొడుగు మాత్రం నువ్వొక్కదానివే వేసుకుని వచ్చావు. ఇంకోటి తెరువు. ఈసారి వెన్న తక్కువ వెయ్యి, పోయినసారి పూర్ణం జిడ్డుగా అయింది."