తెర లేచాక వచ్చే పెళ్లికూతురు

కెచ్కెమేట్ పట్టణంలో ఆట అయిపోయాక విల్మ గౌను హుక్కులు విప్పుకుంటూ ఉండగా, కంపెనీ యజమాని గోంబోష్ తలుపు బయట నిలబడి దగ్గాడు. లోపలికి రాలేదు. ఎందుకొచ్చాడో ఆమెకు అప్పుడే తెలిసిపోయింది.

వాళ్లు ఆడేది సగం సినిమా, సగం నాటకం. ముందు తెర మీద మూకీ బొమ్మ. అందులో ఇష్టంలేని పెళ్లి తప్పించుకున్న పెళ్లికూతురు నది ఒడ్డున పరుగెత్తి వచ్చి, ఒక పిండిమర ఇంటి తలుపు తోస్తుంది. అంతలో దీపాలు వెలుగుతాయి, తెర పైకి లేస్తుంది. వేదిక మీద అదే తలుపు. అదే తెల్లగౌనులో ఆ మనిషే రొప్పుతూ లోపలికి వస్తుంది.

పదహారేళ్లుగా ఊరూరా విల్మ ఆ తలుపు తోసుకుని వస్తూనే ఉంది. బొమ్మ తీసేనాటికి ఆమెకు ఇరవై రెండు. ఆ తర్వాత యుద్ధం వచ్చింది. వెళ్లిన భర్త తిరిగి రాలేదు. గౌను రెండుసార్లు వెడల్పు చేయించాల్సి వచ్చింది. బొమ్మలో పిల్ల మాత్రం ఇరవై రెండు దగ్గరే ఆగిపోయింది.

ఆ రోజు ఆమె తలుపు తోసుకుని రాగానే వెనక బెంచీల్లోంచి ఎవడో, "అమ్మొచ్చింది సరే, అమ్మాయేదీ?" అన్నాడు. హాలంతా నవ్వింది.

"ఆ నవ్వు నాకూ గుచ్చుకుంది విల్మమ్మా," అన్నాడు గోంబోష్. "కానీ ఆ బొమ్మ తీసినవాళ్లూ లేరు, ఆ మర ఇల్లూ లేదు. ఇక మార్చగలిగింది మనిషినే."

విరామంలో పాటలు పాడే కుర్రపిల్ల పిరోష్కని ఆ తలుపులోంచి పంపుతానన్నాడు. ముక్కు వేరు, నడక వేరు, జనం పట్టేస్తారు అంది విల్మ.

"ఒక్కరు పట్టినా పాత్ర నీదే. ఆదివారం మధ్యాహ్నం ఆటకి నువ్వే జనంలో కూర్చో. నీ మాటే నాకు చాలు."

ఆదివారం ఉదయం ఆమె చర్చిలో మోకరించి, చూపు చురుగ్గా ఉన్న మనిషిని ఒక్కరిని ఆ హాలుకి పంపమని మేరీమాతను వేడుకుంది. వెంటనే సిగ్గేసింది. తనకే కీడూ చేయని పిల్ల ఓడిపోవాలని కోరడం ప్రార్థన ఎలా అవుతుంది? వయసు దేవుడు అందరికీ ఇచ్చాడు, దానికి ఆమె ఏనాడూ విసుక్కోలేదు. మరి తెర మీది తన నీడకు ఎందుకు ఇవ్వలేదు? శిలువ గుర్తు వేసుకుని లేచింది.

మధ్యాహ్నం హాల్లో విల్మ ఒక ముసలావిడ పక్కన కూర్చుంది. ఇన్నేళ్లూ తెర వెనక తన వంతు కోసం కాచుకోవడమే తప్ప, బొమ్మను ముందునుంచి ఆమె ఎన్నడూ చూడలేదు. తెర మీద ఆ పిల్ల తడి గడ్డిలో జారింది, లేచింది, వెనక్కి చూసి పరుగెత్తింది. విల్మ బెంచీ అంచుకి జరిగింది. పిల్ల తలుపు తోసింది. దీపాలు వెలిగాయి.

వచ్చింది. హమ్మయ్య, వచ్చేసింది అనుకుంది విల్మ. వచ్చింది పిరోష్క అని గుర్తొచ్చేసరికి ఒక క్షణం దాటిపోయింది.

హాలంతా చప్పట్లు. ముసలావిడ గుమ్మడి గింజ పొట్టు ఉమ్మి, "యుద్ధానికి ముందు మా ఆయనతో వచ్చి చూశానమ్మా ఈ పిల్లని," అంది. "ఏం తింటుందో గానీ, వెంట్రుకవాసి తేడా లేదు."

ఆ పిల్ల నేనే అందామని విల్మ నోరు తెరిచింది. అలా అంటే ఆవిడ ఇటు తిరిగి తన మొహం చూస్తుంది. నోరు మూసుకుంది.

ఆట అయ్యాక తెర వెనక గోంబోష్ ఎదురుచూస్తున్నాడు. పిరోష్క ఇంకా రొప్పుతూనే ఉంది. "నన్ను తిట్టకక్కా," అంది చిన్నగా. మూడో వరసలో ఒకాయన పట్టేశాడు అంటే చాలు, గోంబోష్ నమ్ముతాడు. ఆ మాట విల్మ నాలుక చివరిదాకా వచ్చింది.

"ఎవరూ పట్టలేదు," అంది. పిరోష్క వైపు తిరిగి, "నేనూ పట్టలేదు," అంది.

గోంబోష్ తల దించుకున్నాడు. తర్వాత ఎటు వెళ్లాలో తోచక ఆమె అక్కడే నిలబడిపోయింది. రెండో ఆటకి గంట కొట్టారు. పిరోష్క తలుపు వెనక తన చోటికి వెళ్లాలి. విల్మ దారిలోంచి పక్కకు తప్పుకుంది.