మనం కట్టిన ముడి

పొడి గట్టు మీద నిలబడ్డ ఒక మనిషి, నడుం లోతు నీళ్ళలో ఉన్న ఊరినంతా కర్ర చూపించి ఆపాడు. ఆ రోజు అది మేమంతా చూశాం.

"ఎక్కొద్దు! గట్టు జారిపోద్ది. చెరువులో రొయ్య పోతే మీ బాబిస్తాడా?" రొయ్యల చెరువుల సూపర్‌వైజర్ భానుప్రకాష్ అరుస్తున్నాడు.

పౌర్ణమి పోటు. మిట్టమధ్యాహ్నం పల్లపు గుడిసెల్లోకి సముద్రం వచ్చేసింది. కొండయ్య తన తల్లి రాఘవమ్మను నులక మంచంతో సహా తలమీద పెట్టుకుని గట్టు దాకా తెచ్చాడు. మంచం పట్టె మీద కర్ర దెబ్బ పడింది. కొండయ్య ఒక అడుగు వెనక్కి తగ్గాడు. ఆ అడుగుతో మంచం ఒరిగిపోయింది. ముసలామెను నీళ్ళలోంచి తీసేసరికి ఊపిరి లేదు.

నేను భానుప్రకాష్‌ని చూడలేదు. మావాళ్ళ చేతుల్ని చూస్తుండిపోయాను. ఇంతమందిమి, గట్టు మీద ఒక్కడు. మా చేతులన్నీ నీళ్ళ కింద ఉన్నాయి. భయం ముందు చేతుల్లోకి దిగుతుంది. మనసుకి ఆ తర్వాత తెలుస్తుంది. తెలిశాక దానికి మంచితనమని పేరు పెట్టుకుంటుంది.

హంసలదీవి దాటాక, మడచెట్ల వేళ్ళూ ఒండ్రుమట్టీ పెనవేసుకుని వరసగా తేలే దీవులు మావి. ఊగులంకలంటాం. ఏ మ్యాపులోనూ ఉండవు. పోటుకి లేస్తాయి, ఆటుకి దిగుతాయి. కొట్టుకుపోకుండా నీటి అడుగున పాతిన తాటిమొద్దులకి మోకులతో కట్టుకుంటాం. పోటు ముందు వదులు చేస్తాం, తర్వాత బిగిస్తాం. మాకున్నది ఒకటే కట్టుబాటు. ఎవరు వేసిన ముడి వాళ్ళే విప్పాలి. పరాయి ముడి మీద చెయ్యి వేసినవాడికి ఏ ఇంట్లోనూ పొయ్యిలోకి నిప్పు పుట్టదు.

తొంభై నాలుగులో గుడివాడ నుంచి గోవర్ధనరావు వచ్చాడు. కృత్తివెన్ను వైపు రొయ్యల చెరువులు తవ్వించి రుచి మరిగినవాడు. మ్యాపులో లేని నేలకి మనుషులు కూడా లేనట్టే అనుకున్నాడు. మా లంక మీదా, పక్క లంక మీదా చెరువులు తవ్వించాడు. లంక లేచి దిగుతుంటే గట్లు పగిలాయి. దాంతో ఇనుప మోకులు తెప్పించి, రెండు లంకల్నీ మొద్దులకి బిగగట్టించాడు. లంక లేవలేకపోతే సముద్రమే లంక మీదికి వస్తుంది. వచ్చింది.

రాఘవమ్మను సాగనంపి, వలలు ఆరేసే చోట కూర్చున్నాం. వచ్చే అమావాస్య పోటు ఇంకా పెద్దదని అందరికీ తెలుసు.

"మళ్ళీ వెళ్ళి గోవర్ధనరావుని బతిమాలుదాం."

"మొన్న ఏమన్నాడు? ఒడ్డుకొచ్చి పాకలేసుకుని తన చెరువుల్లోనే పని చేసుకోమన్నాడు. మహా దయగలవాడు!"

"విప్పేద్దాం," అంది రేవతి. పెళ్ళై పక్క లంక నుంచి వచ్చిన పిల్ల. అంతా తలలు దించుకున్నారు.

"ఆయన ముడి," అన్నాడు కొండయ్య. "పరాయి ముడి."

"నీ అమ్మ పోయింది, అన్నయ్యా!"

"అందుకని కట్టుబాటు కూడా పోవాలా?" అన్నాడు కొండయ్య.

గోవర్ధనరావు మా మీద పెట్టిన కాపలావాడు భానుప్రకాష్ ఒక్కడే కాదని నాకు అప్పుడు అర్థమైంది. రెండోవాడు మా లోపలే ఉన్నాడు. వాడికి జీతం కూడా అక్కర్లేదు.

ఎండుచేపల బుట్ట ముందు కూర్చున్న సత్యవతమ్మ తలెత్తింది. ఊరందరికీ అత్త. నోరు మంచిది కాదు.

"ఆయన ముడా? ఒరే కొండయ్యా, ఆయన చేతులెప్పుడన్నా చూశావా? అన్నీ ఉంగరాలే. చెప్పుల బకిలు కూడా ఇంకొకడే పెట్టాలి. ఆ చేతులు మునిగి ఇనుప మోకు కట్టినయ్యా?"

ఎవరో కిసుక్కుమన్నారు. కొండయ్య అరచేతులు చూసుకున్నాడు. ఇనుప తీగ కోసిన గాయాలు ఇంకా మానలేదు.

"మనమే కట్టాం," అన్నాడు నెమ్మదిగా.

"కూలికి కట్టాం అత్తా. కూలిచ్చినవాడిదేగా ముడి?" వెనక నుంచి ఒక గొంతు.

"కూలిచ్చి నీ పొద్దు కొన్నాడు. చేతులు కూడా కోసుకెళ్ళాడా? భుజాలకే ఉన్నాయిగా ఇంకా! కట్టింది మనం. విప్పాల్సిందీ మనమే. గోవర్ధనరావే దిగొచ్చి విప్పుతానన్నా మనం ఒప్పుకోకూడదు. అది మన కట్టుబాటు!"

రేవతి అంది: "ఆ రోజు కట్టేవాళ్ళకి గంజి పోసింది నేను. ఆ ముడిలో నా చెయ్యీ ఉంది."

అమావాస్య నాడు, ఆటుకి మోకులు వదులుగా ఉన్న వేళ, అందరం నీళ్ళలోకి దిగాం. కట్టినవాళ్ళు, మోసినవాళ్ళు, గంజి పోసినవాళ్ళు. ఇనుము మళ్ళీ చేతులు కోసింది. పోటు మొదలయ్యేసరికి, భానుప్రకాష్ పంపిన కబురుతో గోవర్ధనరావు పోలీసుల బోటులో వచ్చాడు.

"ఎవడ్రా చెయ్యేసింది? ఆ మోకులు నావి!"

"మోకులు నీవే, చుట్టుకుని తీసుకుపో," అన్నాడు కొండయ్య. "ముడి మాది."

భానుప్రకాష్ కర్ర ఎత్తాడు. ఈసారి కొండయ్య వెనక్కి తగ్గలేదు. కర్ర కొసని గాల్లోనే పట్టుకున్నాడు. అతని పక్కన ఇంకో చెయ్యి, ఇంకోటి. కర్ర అటుదో ఇటుదో తెలియకుండా పోయింది. అప్పుడే ఆఖరి ముడి జారింది.

లంక కదిలింది. కట్లు ఊడిన మనిషి ఒళ్ళు విరుచుకున్నట్టు పైకి లేచింది. చెరువు గట్లు అడ్డంగా పగిలాయి. రొయ్యలు సముద్రంలోకి దూకాయి. మా గుడిసెల్లో చుక్క నీరు లేదు.

"విప్పిందెవరు?" అన్నాడు ఎస్సై.

"కట్టినవాళ్ళం."

"కట్టిందెవరు?"

నెత్తురోడుతున్న అరచేతులు లేచాయి. లాఠీలు దిగాయి. లేచిన చేతులు మాత్రం దిగలేదు. చివరికి సత్యవతమ్మకీ, కొండయ్యకీ, నాకూ తాడుతో చేతులు కట్టి బోటెక్కించారు.

సత్యవతమ్మ తన మణికట్టు చూసుకుని, కుర్ర కానిస్టేబుల్ వైపు తిరిగింది.

"ఈ ముడి వేసింది నువ్వే కదా, నాయనా? మా లంకల్లో వేసినవాడే విప్పాలి. గుర్తుంచుకో."

అతను తల తిప్పుకున్నాడు. తన చేతుల్ని ఎక్కడ పెట్టుకోవాలో అతనికి తెలియలేదు.

బోటు పక్క లంకని దాటుతోంది. అక్కడ పోటు పల్లపు గుడిసెల దాకా వచ్చింది. గట్టు మీద కర్ర పట్టుకుని ఒకడున్నాడు. నీళ్ళలో నిలబడ్డ జనం వాణ్ణి చూడటం లేదు. చేతులు బయటికి తీసి, ఇనుప తీగ కోసిన అరచేతులు చూసుకుంటున్నారు.