తూర్పు గట్టు రాయి

పాలు రెండు లీటర్లు ఎక్కువ తీసుకోవాలని, పదిహేను మందికి చాయ్ సరిపోవాలని, కొలిచే చోట మాత్రం నిలబడవద్దని మా ఆయన గోపాల్ పొద్దున్నే చెప్పాడు. ఆ రోజు కోర్టు పంపిన కమిషనర్ మా పొలం కొలవడానికి వస్తున్నాడు. పండరి బావ మా మామ అన్నకొడుకు. ఆయనకూ మా ఆయనకూ తూర్పు గట్టు పక్కనున్న ఏడు గుంటల నేల కోసం పదకొండేళ్లుగా కేసు నడుస్తోంది.

మా ఆయనకు బాన్సువాడలో మోటార్ల రిపేరు షాపు ఉంది. పొద్దున బండి మీద పోతే మళ్లీ దీపాలు పెట్టే వేళకే రావడం. నారు పోయడం, కలుపు తీయడం, కాలువ వంతు కనిపెట్టి నీళ్లు కట్టడం, అన్నీ నేనే. ఎవరైనా వ్యవసాయం ఎవరు చేస్తారని అడిగితే మాత్రం "నేనే" అంటాడు. నా గురించి అడిగితే "ఇంట్లనే ఉంటది" అంటాడు. కాళ్ల బురద కడుక్కుంటూ ఆ మాట ఎన్నిసార్లు విన్నానో.

నన్ను అంతకంటే ఎక్కువ బాధపెట్టింది సత్యమ్మక్కతో మాటలు పోవడం. ఆమె పండరి బావ భార్య. కొత్తగా కాపురానికి వచ్చినప్పుడు నా మణికట్టు పట్టుకుని, నారు ఎంత లోతున గుచ్చాలో చూపించింది ఆమే. కేసు పడ్డాక ఒకే గట్టుకు అటూ ఇటూ తలలు వంచుకుని పనిచేశాం. నాకు జ్వరం వచ్చి మంచం పట్టిన ఏడాది మా మడికి నీళ్లు కట్టింది ఎవరో నాకు తెలుసు. నేను అడగలేదు, ఆమె చెప్పలేదు.

ఇంకో సంగతి కూడా నాకు తెలుసు. కేసుకు ముందటి ఏడాది ఒక మధ్యాహ్నం సద్ది తీసుకుని వెళ్లేసరికి మా మామ, మా ఆయన తూర్పు హద్దు రాయిని పెకలించి, పన్నెండు అంగలు అవతల, పండరి బావ పొలంలో పాతుతున్నారు. నన్ను చూసి మామ చేయి ఆపాడు. "దానికేం ఎరుక, నువ్వు కానియ్" అన్నాడు మా ఆయన. మామ పోయి ఆరేళ్లయింది. నేను ఎవరికీ చెప్పలేదు.

కమిషనర్ హరనాథబాబు పెద్దవయసు వకీలు. తలకు తువ్వాల చుట్టుకుని, సర్వేయరు వెంట గట్లన్నీ తిరిగాడు. మూడుసార్లు కొలిచినా తూర్పు రాయి దగ్గర నక్షాతో లెక్క కుదరలేదు. రాయి జరిగిందా అని అడిగితే, తాతల నాటి నుంచీ అక్కడే ఉందన్నాడు మా ఆయన. జరిపారన్నాడు పండరి బావ, కానీ ఆయన దగ్గర రుజువు లేదు. నేను చాయ్ అందిస్తుంటే హరనాథబాబు గ్లాసు తీసుకుని, ఏదో మాటకు అడిగినట్టుగా, ఈ పొలం ఎవరు చేస్తారమ్మా అన్నాడు.

మా ఆయన నోరు తెరిచేలోపే నా నోట మాట వచ్చేసింది.

"నేనే సార్. గా రాయి ముందుగాల తుమ్మ మొద్దు పక్కన ఉండె. మా మామ, మా ఆయన కలిసి జరిపిన్రు. నేను చూసిన."

మొద్దు దగ్గర నుంచి కొలిస్తే లెక్క సరిపోయింది. మా ఆయన చాయ్ తాగకుండానే గ్లాసు కింద పెట్టాడు.

ఏడు గుంటలు ఎత్తి ఇచ్చేశానని ఇంటికి రాగానే ఒక్క మాట అన్నాడు. ఆ తర్వాత ఇరవై రోజులు మాట్లాడలేదు. ఆ ఇరవై రోజులూ నాకు మంచి నిద్ర పట్టింది.

ఇరవై ఒకటో రోజు నారుమడి దగ్గరికి ఒక కాగితం తెచ్చాడు. "మన వకీలు రాసిండు. సోమవారం లోపల కోర్టుల వెయ్యాలె. సంతకం పెట్టు."

చేతులు కొంగుకు తుడుచుకుని చదివాను. నేను గృహిణినట. వ్యవసాయంతో సంబంధం లేదట. హద్దుల గురించి ఏమీ తెలియక, కమిషనర్ ముందు భయపడి పొరపాటుగా చెప్పానట. పెళ్లయిన పదిహేడేళ్లలో నా గురించి ఎవరైనా కాగితం మీద రాయడం అదే మొదటిసారి. ఏడుపు వస్తుందనుకున్నాను, నవ్వొచ్చింది.

"గిది నిజమైతే ఇగ నాట్లు నువ్వే చూసుకో. నాకేం తెల్వదు గద" అన్నాను.

"మజాకా చేస్తున్నవా?"

"లేదు. నారు అదును మీదికొచ్చింది. ఎన్ని కట్టలు పడ్తయో, ఏ మడి ముందు దున్నియ్యాల్నో జెప్పు. నువ్వు జెప్పినట్టే చేస్త."

ఆయన నారుమడి వైపు చూశాడు. కోపం వస్తుందని ఎదురుచూశాను గానీ, ఆ ముఖంలో కనిపించింది కోపం కాదు, సిగ్గు. కాగితం మడిచి జేబులో పెట్టుకుని బండి ఎక్కాడు. సోమవారం వచ్చింది. ఆయన కోర్టుకు పోలేదు, షాపుకు పోయాడు.

మంగళవారం నాట్లు మొదలుపెట్టాను. మొదటి కట్ట తీసుకెళ్లి ఆ ఏడు గుంటల్లో విప్పి, రమ్మని గట్టు అవతలికి చెయ్యి ఊపాను. సత్యమ్మక్క చీర ఎగజెక్కుకుని గట్టు మీదికి వచ్చి నిలబడింది. పదకొండేళ్ల తర్వాత ఆమె నాతో అన్న మొదటి మాట ఇది.

"గిది మాదని తీర్పు ఇంకా రాలే గదనే, వందనా."

"తీర్పు దాంక నారు ఆగుతదా అక్కా" అన్నాను. ఆమె మడిలోకి దిగింది.